భోజనం తర్వాతి పీరియడు

"ఎలాగూ ఇంట్లోనే ఉంటున్నావుగా అమ్మాయ్, ఆ కిటికీ పరదాలు కూడా ఓసారి ఉతికెయ్యరాదూ" అన్నారు అత్తగారు.

ఈ మధ్య ఆ ఇంట్లో ఏ పని మాటైనా అక్కడి నుంచే మొదలవుతోంది. కోడలిని స్కూలు వాళ్లు సస్పెండ్ చేసిన మొదటి వారం ఇల్లంతా చావు కబురు విన్నట్టు గొంతు తగ్గించి మాట్లాడుకుంది. రెండో వారం పనిమనిషిని మాన్పించారు. ఎలాగూ ఇంట్లోనే ఉంటోందిగా. ఆ తర్వాత, భర్త పొద్దున్నే పట్టుకెళ్లే భోజనం డబ్బా మధ్యాహ్నం వేడివేడిగా ఆఫీసుకి వెళ్లడం మొదలైంది. మోసుకెళ్లేది ఎవరో వేరే చెప్పక్కర్లేదు. ఊళ్లోనే ఉన్న ఆడపడుచు, వదినకి కాలక్షేపంగా ఉంటుందని, తన పిల్లలిద్దర్నీ సాయంత్రాలు ఇక్కడ దింపి వెళ్తోంది. పై వాటా వాళ్లు కూడా తాళాలు ఇచ్చిపోతున్నారు, గ్యాస్ మనిషి వస్తే తలుపు తీయమని. ఉద్యోగం ఉన్నన్నాళ్లూ ఇంటి పని తెల్లారకముందూ చీకటి పడ్డాకా చేసేది కనక ఎవరి కంటా పడలేదనుకుందాం. ఇప్పుడు పట్టపగలు అందరి ముందే చేస్తోంది. ఇప్పుడూ కనపడటం లేదు.

వీధిలో అందరూ ఆమెని లెక్కల టీచరనే అంటారు. స్కూలు రెండు వీధుల అవతలే. గాలి ఇటు తిరిగితే గంట వంటింటి దాకా వినిపిస్తుంది. పరదాలు నానబెట్టిన బకెట్లో చేతులు పెట్టిందో లేదో గంట కొట్టారు. రెండో పీరియడు, ఏడో తరగతి, భిన్నాలు. ఇక ఆమె అక్కడ లేదు. చేతులు నురగలోనే ఉన్నాయి, మనిషి మాత్రం స్కూలు గేటు దాటి, వరండా చివరిదాకా నడిచి, కిటికీ పక్కన కాలు ఊగే బల్ల దగ్గర నిలబడింది. ఒక రొట్టెని నలుగురు పంచుకుంటే అని మొదలుపెడితే, ముందు వరస కుర్రాడు పెద్ద ముక్క ఎవరికని అడుగుతాడు. ఏటేటా ముందు వరసలో ఎవడో ఒకడు ఆ ప్రశ్న అడుగుతూనే ఉంటాడు. ముక్కలన్నీ సమానమే నాయనా అని ఆమె చెబుతూనే ఉంటుంది. తనలో తనే నవ్వుకుంటుంటే అత్తగారు గుమ్మంలోంచి చూసి, పిచ్చెక్కుతోందేమో దీనికి అని గోడకి చెప్పి వెళ్లిపోయారు.

రోజులు అలా నిద్రకీ మెలకువకీ మధ్యన నడుస్తున్నాయి. వంటింటి కిటికీలోంచి ఎండ మెల్లగా గట్టు దిగి, గచ్చు మీదికి పాకి, గోడ ఎక్కి వెళ్లిపోతుంది. ఎప్పుడు వంట అయిందో, ఎప్పుడు గిన్నెలు తోమిందో ఆమెకే గుర్తుండదు. గంట కొట్టినప్పుడు మాత్రం ఒళ్లు జల్లుమని, తను ఎక్కడ ఉండాలో గుర్తొస్తుంది.

అసలు గొడవంతా నిద్ర వల్లే వచ్చింది. ఆ ఏడో తరగతిలో ఒక పిల్ల ఉండేది. భోజనం తర్వాతి పీరియడు వచ్చేసరికి దాని తల దానంతటదే బల్ల మీదికి వాలిపోయేది. తోటి పిల్లలు దానికి కునుకమ్మ అని పేరు పెట్టారు. తల్లి చీకటితోనే పనికి పోతే, ఇంటిల్లిపాదికీ వండి, తమ్ముళ్లకి ఒళ్లు రుద్ది, నీళ్లు పట్టి, అప్పుడు బడికొచ్చే పిల్ల అది. మిగతా టీచర్లు లేపి నిలబెట్టేవారు, మొహం కడుక్కు రమ్మని పంపేవారు. లెక్కల టీచరు కూడా మొదట్లో అదే చేసింది. ఒకరోజు ఎందుకో ఆ పిల్ల వంగిన మెడ వంకే చూస్తూ ఉండిపోయింది. ఆ మెడ తనదే అనిపించింది. "అందరూ పుస్తకాలు మూసి, కాసేపు తలలు బల్ల మీద పెట్టండి" అంది. అందరూ పడుకుంటే అదొక్కతే పడుకున్నట్టు ఉండదు కదా.

అదొక అలవాటైపోయింది. భోజనం తర్వాతి పీరియడు మొదట్లో కాసేపు తరగతంతా కళ్లు మూసుకునేది. లేచాక పిల్లల మొహాలు తేటగా ఉండేవి, చెప్పింది చెప్పినట్టు ఎక్కేది. కునుకమ్మ కూడా చెయ్యెత్తి జవాబులు చెప్పడం మొదలుపెట్టింది. ఆ అర్ధ సంవత్సరం పరీక్షల్లో లెక్కలు తప్పినవాళ్లు లేరు. ఆ సంగతి తర్వాత ఎవరూ అడగలేదనుకోండి.

పిల్లలు పడుకున్నంతసేపూ ఆమె కుర్చీలో కూచుని వాళ్ల వీపులు చూసేది. అన్ని వీపులూ ఒక్కసారి లేస్తూ, ఒక్కసారి దిగుతూ ఉండేవి. అది చూస్తుంటే ఆమె ఒంట్లో ఏదో ముడి సడలేది. అవి అత్తగారికి మోకాలి ఆపరేషన్ అయిన రోజులు. రాత్రుళ్లు మంచినీళ్లకీ, మాత్రలకీ, దిండు జరపడానికీ పిలుస్తుండేవారు. పక్క గదిలోంచి పిలిచే తల్లి గొంతు కొడుక్కి వినపడేది కాదు, ఆ గొంతు కోడలి చెవినే పడేది. అలా ఒకరోజు, పిల్లల వీపులు చూస్తూ చూస్తూ, టీచరు తల కూడా బల్ల మీదికి వాలింది.

కల వచ్చింది. తను పెద్ద గదిలో ఉంది. గది నిండా కిటికీలు, ఒకటే మంచం. ఎవరూ వచ్చి అదెక్కడుంది, ఇదెక్కడుంది అని అడగడం లేదు. వస్తువులన్నీ ఎక్కడివక్కడ ఉన్నాయి, ఎవరికి కావలసినవి వాళ్లే వచ్చి తీసుకుని, కాలి చప్పుడు కూడా చేయకుండా వెళ్లిపోతున్నారు. అంతే కల. అందులో ఇంకేమీ జరగలేదు. అంత హాయి అయిన కల ఆమెకి పెళ్లయ్యాక రాలేదు.

కళ్లు తెరిచేసరికి గుమ్మంలో తనిఖీ అధికారి, ఆయన వెనక హెడ్‌మాస్టరు. తరగతి తరగతంతా నిద్ర, బల్ల మీద టీచరు నిద్ర. ఫోన్‌లో ఫొటోలు తీసుకున్నాకే ఆయన దగ్గాడట. ఆ వారం తిరక్కుండానే ఉత్తర్వు వచ్చింది. విధి నిర్వహణలో నిర్లక్ష్యం, విచారణ ముగిసేదాకా సస్పెన్షన్, అనుమతి లేకుండా ఊరు విడిచి వెళ్లరాదు. అంత హడావుడిగా ఉత్తర్వు ఇచ్చినవాళ్లు ఆ తర్వాత ఆరోపణలేమిటో కాగితం మీద పెట్టలేదు, విచారణ అధికారిని వేయలేదు. గడువు తీరినప్పుడల్లా సస్పెన్షన్‌ని మాత్రం పొడిగించుకుంటూ పోయారు.

ఇంట్లో అందరూ ఒకటే మాట, కోర్టుకి వెళ్దామని. భర్త మేనమామ కొడుకు పెద్ద ఊళ్లో లాయరు, ఆ లెక్కన ఆమెకి అన్నయ్య వరస. "ఏం చేశావో రాసి చేతికివ్వకుండా ఇలా ఇంట్లో కూచోబెట్టడం చెల్లదు చెల్లెమ్మా. మొదటి వాయిదాలోనే ఎగిరిపోతుంది చూడు" అన్నాడు. పిటిషను తయారుచేసి సంతకానికి తెచ్చాడు. ఆ పూట ఒంట్లో బాగాలేక, కళ్లు తిరిగి తల వాల్చానని అందులో ఉంది. నాకు కళ్లు తిరగలేదన్నయ్యా, నిద్రపోయాను అంది. లాయరూ నవ్వాడు, భర్తా నవ్వాడు. నిజం చెప్పడానికి కోర్టు దాకా ఎందుకు, అది ఇంట్లో చెప్పుకో అన్నాడు భర్త. ఇంట్లో చెబితే ఎవరు విన్నారని. ఉద్యోగం తిరిగి రావాలి, అంతకంటే ఇంకేం వద్దు అనుకుని సంతకం పెట్టేసింది. చేసిన తప్పుకి ఆమెకి సిగ్గు లేదు గానీ, ఆ సంతకానికి మాత్రం సిగ్గేసింది.

అప్పట్నుంచి వాయిదాలే వాయిదాలు. ప్రతిసారీ భర్త వెళ్లడం, సాయంత్రానికి నీరసంగా వచ్చి కుర్చీలో వాలిపోవడం. ఏమైందండీ అంటే, గవర్నమెంటు లాయరు మళ్లీ టైం అడిగాడు, సర్కారు వ్యవహారం అంటే అంతే మరి అనడం. పాపం తన కోసం తిరుగుతున్నాడు కదా అని ఆ పూట ఇంకాస్త శ్రద్ధగా వండి పెట్టేది. నేనూ వస్తానంటే, "నువ్వు ఊరు దాటితే ఆ వంకతో ఇంకో ఉత్తర్వు ఇస్తారు. అసలే పేరు నిలబెట్టావు" అనేవాడు. ఇంటికి నలుగురొస్తే ఆయనకో జోకు సిద్ధంగా ఉండేది. "మా ఆవిడ స్కూల్లో పడుకుంటోందని, సగం జీతమిచ్చి మరీ ఇంట్లో పడుకోమన్నారండీ." వచ్చినవాళ్లు నవ్వేవారు. టీ కప్పులు అందిస్తూ ఆమె కూడా నవ్వేది. ఆ నవ్వు ఎక్కడి నుంచి తెచ్చి పెట్టుకునేదో ఆమెకే తెలియదు.

ఇలా ఎన్నాళ్లు సాగేదో గానీ, ఒకరోజు కూరగాయల కోసం వెళ్తే వీధి మలుపులో కునుకమ్మ కనపడింది. బడి వేళ. పిల్ల చేతిలో కూరల సంచి, చంకలో తమ్ముడు. బడికి వెళ్లలేదేం అంటే తల దించుకుంది. మానేసిందట. భోజనం తర్వాత నిద్రొస్తోంది, కొత్త టీచరు రోజూ బయట నిలబెడుతున్నారు, అందరూ నవ్వుతున్నారు. అమ్మ కూడా పోనీలే, ఇంట్లోనే ఉండు, నాకు సాయంగా ఉంటుంది అంది.

"మీరెప్పుడొస్తారు టీచర్?" అంది పిల్ల.

వస్తాను అనబోయి ఆగిపోయింది. ఎప్పుడొస్తుందో ఆమెకి తెలిస్తే కదా. ఇంటికి వస్తూ దారంతా ఆ ఒక్క మాటే మెదిలింది. పోనీలే, ఇంట్లోనే ఉండు. తన ఇంట్లో వాళ్లు ఈ మాట పైకి అనలేదంతే. ఇంకొన్నాళ్లు పోతే తను కూడా ఉండిపోతుంది. పరదాలు ఉతుకుతూ, గంట విని నవ్వుకుంటూ, కలలోలా ఉండిపోతుంది. అది తలుచుకుంటే మొదటిసారి భయం వేసింది.

మర్నాడు డబ్బా ఆఫీసులో ఇచ్చి, అటు నుంచి అటే విద్యాశాఖ కార్యాలయానికి వెళ్లింది. కోర్టు వాయిదాకి ఊరు దాటడానికి అనుమతి కావాలని రాసిచ్చింది. కౌంటర్లో పెద్దావిడ కళ్లజోడు పైకి జరుపుకుని చదివి, లోపలికి తీసుకెళ్లి, తన బల్ల మీది టీ చల్లారేలోపే ముద్ర వేయించి తెచ్చింది. ఇంత తొందరగానా అని ఆమె నోరు తెరుచుకుని చూస్తుంటే, "మీ కేసుకి మీరు వెళ్తానంటే ఎవరు కాదంటారమ్మా. ఇన్నాళ్లూ మీరొచ్చి అడగలేదంతే" అంది. నిజమే, తను అడగలేదు. అడిగితే ఏమవుతుందో ఇంట్లోవాళ్లే చెప్పేశారు కదా.

భర్త కాస్త గాభరా పడ్డాడు. ఈసారి ఆయనకి ఆఫీసులో సెలవు లేదు. ఎలాగూ వాయిదా పడేదానికి నువ్వెందుకు అంత దూరం అన్నాడు. పడితే పడనివ్వండి, ఎలా పడుతుందో చూసొస్తాను అంది. అత్తగారు మధ్యాహ్నం వంట సంగతి అడిగారు. కూరగాయలు ఫ్రిజ్‌లో ఉన్నాయి అత్తయ్యా అని చెప్పి బస్సెక్కింది. కిటికీ పక్క సీటు. చెట్లూ కరెంటు స్తంభాలూ వెనక్కి పోతుంటే, ఒడిలో చేతులు ఖాళీగా పడి ఉన్నాయి. చాలాసేపు ఆ చేతుల్నే చూసుకుంది.

కోర్టు హాలు ఆమె అనుకున్నట్టు లేదు. ఎవరూ అరవడం లేదు. పైన ఫ్యాన్లు తిరుగుతున్నాయి, నల్లకోట్లు లేస్తున్నాయి, కూచుంటున్నాయి, కాగితాలు చేతులు మారుతున్నాయి. జడ్జిగారు సన్నటి గొంతుతో ఏదో అంటే ముందు వరస తలూపుతోంది. వెనక బెంచీలో కూచున్న ఆమెకి అదంతా నీళ్ల అడుగు నుంచి వింటున్నట్టుంది. అలా వింటూ ఉండగా తన కేసు నంబరు పిలిచారు.

లాయరు అన్నయ్య రాలేదు. ఆయన జూనియర్ అమ్మాయి లేచి, పిటిషనర్ తరఫున టైం కావాలండీ అంది.

గవర్నమెంటు లాయరు లేచి, "మేము కిందటి మూడు సార్లూ సిద్ధంగానే ఉన్నామండీ" అన్నాడు.

జడ్జిగారు కాగితాలు వెనక్కి తిప్పి చూశారు. "ప్రతిసారీ మీరే టైం అడుగుతున్నారు. ఉద్యోగం కావాలని వచ్చిన ఆవిడకి తొందర లేదు, మనకెందుకు" అని కలం తెరిచారు.

ఆ కలం కాగితం మీద పడితే అంతే, మళ్లీ పరదాలు. ఆమె లేచి నిలబడింది. ఎలా లేచిందో తెలియదు. "నాకు తొందరుందండీ. ఆ టీచర్ని నేనే" అంది. హాల్లో తలలన్నీ వెనక్కి తిరిగాయి. జడ్జిగారు ఆమెనీ జూనియర్ అమ్మాయినీ మార్చి మార్చి చూసి, మీ సీనియర్‌ని రమ్మనండి, భోజనం తర్వాత వింటాను అన్నారు.

లాయరు అన్నయ్య పక్క హాల్లోనే ఉన్నాడు. వరండాలోకి చెమటలు తుడుచుకుంటూ వచ్చాడు. గవర్నమెంటు వాళ్లు కదా టైం అడిగింది అని ఆమె అడిగితే కర్చీఫు మడిచి జేబులో పెట్టుకున్నాడు. "నా మీద కోపగించుకోకు చెల్లెమ్మా. మీ ఆయనే కాస్త సాగదియ్యమన్నాడు. అత్తయ్యకి మోకాలు, ఆయనకి బీపీ, నువ్వు ఇంటిపట్టున ఉన్నాక ఇల్లు కుదుటపడిందట. సగం జీతం వస్తోంది, కేసు ఎక్కడికి పోతుంది అన్నాడు. నీక్కూడా విశ్రాంతిగా ఉందనే చెప్పాడు."

విశ్రాంతి. ఆ మాట దగ్గర ఆమెకి నవ్వొచ్చింది, నవ్వు వెనకే కోపం వచ్చింది. కాళ్లలోంచి పైకి పాకే కోపం. అన్ని సాయంత్రాలూ భర్త నీరసంగా కుర్చీలో వాలిపోతే చేతికి మంచినీళ్లు అందించింది. తన కేసుని ఆపి వచ్చిన మనిషిని చూసి, తన కోసమే తిరిగి అలిసిపోయాడని జాలిపడింది. స్కూలు వాళ్లు కనీసం సస్పెండ్ చేస్తున్నామని కాగితం ఇచ్చారు. ఇంట్లోవాళ్లు కాగితం కూడా ఇవ్వకుండా చేశారు. ఇదంతా అరిచి చెప్పాలనిపించింది గానీ అరవలేదు. "మీరు వాదిస్తారా, కాగితాలు నాకిచ్చేస్తారా అన్నయ్యా" అంది. వాదిస్తాను అన్నాడాయన.

ఫోన్ మోగింది. భర్త. కబురు అప్పుడే వెళ్లినట్టుంది. నీ మంచికే చేశానని మొదలుపెట్టి, అసలు ఇంట్లో నీకేం తక్కువైందని దాకా వచ్చాడు. ఆమె అంతా వింది. చివర్లో, నన్ను పిలుస్తున్నారండీ అని పెట్టేసింది. నిజానికి ఇంకా ఎవరూ పిలవలేదు. వరండా గట్టు మీద కూచుని, భోజనం ముగించి వస్తున్న నల్లకోట్లని చూస్తూ, బడిలో ఇప్పుడు ఏ పీరియడో లెక్కేసుకుంది.

లాయరు అన్నయ్య బాగా వాదించాడు, ఆ మాట చెప్పాలి. ఆరోపణలు రాసివ్వకుండా సస్పెన్షన్‌ని పొడిగిస్తూ పోవడం శిక్ష వేయడమేనని, శిక్ష ముందు వేసి విచారణ తర్వాత చేస్తామంటే కుదరదని నిలదీశాడు. చెప్పాల్సింది అంతే. ఫ్యాను కింద కాగితాలు సర్దుకునేంతసేపట్లో అయిపోయింది. దీనికోసమా ఇన్నాళ్లూ అనుకుంది ఆమె. ఆఖర్న ఆయన, పైగా ఆవిడకి ఆ పూట కళ్లు తిరిగాయి కనకనే, అన్నాడు.

"లేదండీ" అంది ఆమె. ఈసారి లేచిన సంగతి ఆమెకి తెలుసు. "కళ్లు తిరగలేదు. నిద్రపోయాను. అందులో అలా రాసి ఉంటే సంతకం పెట్టడం నా తప్పు."

లాయరు అన్నయ్య నుదురు పట్టుకున్నాడు. గవర్నమెంటు లాయరు మొహం వెలిగిపోయింది. ఆవిడే ఒప్పుకుంటున్నారు, ఇది నమోదు చేసుకోవాలండీ అన్నాడు.

"చేసుకుంటాను" అన్నారు జడ్జిగారు. "టీచరు నిద్రపోయింది. ఈ ఒక్క వాక్యం రాసి ఆవిడ చేతికివ్వడానికి మీ శాఖకి ఇన్నాళ్లు చాలలేదా?" హాల్లో ఎవరో నవ్వారు. తప్పుడు సంగతి ప్రమాణ పూర్వకంగా చెప్పినందుకు ఆయన ఆమెని మందలించారు, అదీ మెల్లగానే. తర్వాత ఉత్తర్వు చెప్పి రాయించారు. సస్పెన్షన్ కొట్టేశారు. ఆమెని వెంటనే పనిలో చేర్చుకోవాలి. విచారణ కావాలనుకుంటే శాఖ ఆరోపణలు రాసిచ్చి చేసుకోవచ్చు.

అంతా అయిపోయిందనుకుని లాయరు అన్నయ్య ఆమెకి కళ్లతోనే సైగ చేశాడు, పద అని. ఆమె కదల్లేదు. జడ్జిగారు తలెత్తి చూశారు. "చూడమ్మా, ఉద్యోగంలో చేరండి. కానీ మీ శాఖవాళ్లు ఊరుకోరు, విచారణ పెడతారు. నిద్రపోయానని మీ నోటితో మీరే చెప్పేశారు. అది అక్కడ మీకే ఎదురు తిరగొచ్చు. అర్థమైందా?"

"అర్థమైందండీ. విచారణలో ఎందుకు నిద్రపోయావని అడుగుతారా?"

"అడక్కుండా ఎలా ఉంటారు?"

"నా తరఫున సాక్షుల్ని పిలుచుకోవచ్చా అండీ?"

"పిలుచుకోవచ్చు. అది మీ హక్కు."

"అయితే మా ఆయన్నీ, మా అత్తగారినీ పిలుస్తానండీ" అంది ఆమె. "నేను ఇంట్లో ఎప్పుడు లేస్తానో, ఎప్పుడు పడుకుంటానో వాళ్లని ప్రమాణం చేయించి అడగాలి. ఏం చెప్తారో నాకూ వినాలనుంది."